కొండకీ ట్యాంకుకీ మధ్య

తెల్లవారకముందే డాబా ఎక్కి, నాలుగు దిక్కులా చూసి, ఎంత దూరం కనిపిస్తోందో చెప్పడం ఆమె ఉద్యోగం. కూర్చుని తినే ఉద్యోగాల గురించి విన్నాం గాని నిలబడి చూసే ఉద్యోగం కూడా ఉంటుందా అని ఆమె ఆడబిడ్డ ఒకసారి అడగనే అడిగింది. ఉంటుంది. ఆ చిన్న విమానాశ్రయంలో, రన్‌వేకి పక్కగా, సున్నం పెచ్చులూడిన ఒంటిగదిలో వాతావరణ ఆఫీసు ఉంది. పైన డాబా, డాబా మీద గాలి వేగం చూపించే గిన్నెల చక్రం. కింద గడ్డిలో నాలుగు కాళ్ళ మీద నిలబెట్టిన తెల్ల చెక్కపెట్టె. ఆ పెట్టె తలుపు తెరిచి లోపలి థర్మామీటర్లు చూడాలి, వాటిలో ఒకదానికి చుట్టిన తడిగుడ్డ ఆరిపోకుండా నీళ్ళు పోయాలి, మబ్బులు ఎంత ఎత్తున ఉన్నాయో అంచనా కట్టాలి, అన్నీ ఫోన్లో టవర్‌కి చెప్పాలి. విమానాశ్రయంలో అందరూ ఆమెని మబ్బులమ్మ అంటారు. మొదట్లో చాటుగా అనేవాళ్ళు, తర్వాత ఎదురుగానే అన్నారు. కొన్నాళ్ళకి ఆమే పలకడం మొదలుపెట్టింది.

దూరం చూడటానికి యంత్రం లేదు. పెద్ద విమానాశ్రయాల్లో ఉంటుందట. ఇక్కడికీ వస్తోంది వస్తోందని ఆమె ఉద్యోగంలో చేరినప్పటి నుంచీ అంటున్నారు. అది వచ్చేదాకా ఆమె కళ్ళే దిక్కు, ఆ కళ్ళకి కొన్ని గుర్తులే దిక్కు. దగ్గరగా నీళ్ళ ట్యాంకు. బాగా దూరంగా బోడికొండ. రెండింటికీ మధ్య, మూతపడిన మిల్లు తాలూకు ఎర్ర ఇటుకల పొగగొట్టం. ట్యాంకే కనిపించకపోతే ఆ పూట విమానం మాట మరిచిపోవచ్చు. కొండ కనిపించిందా, ఇక చెప్పేదేముంది. చిక్కంతా ఆ రెండింటి నడుమ ఉన్న రోజులతోనే, చలికాలంలో సగం రోజులు అలాంటివే. అప్పుడు గొట్టం కనిపిస్తే విమానం దిగుతుంది, కనిపించకపోతే దిగదు. గొట్టం అంచున ఏ ఇటుక ఊడిందో, ఏ పగులులోంచి పిచ్చిమొక్క మొలిచిందో ఆమెకి కంఠతా వచ్చు. మొగుడి మొహం కంటే దాన్నే ఎక్కువ చూశానని ఒకసారి నోరు జారింది. మొగుడు ఊరుకుంటాడా, "మిల్లు మూతపడ్డా నీకు దాని మీద మోజు తీరలేదన్నమాట" అన్నాడు.

ఆ ఉదయం ఆమె చెక్కపెట్టె మూసి డాబా ఎక్కేసరికి, విమాన కంపెనీ మేనేజరు ఆమె వెనకే ఇనుప మెట్లెక్కి వచ్చాడు. చిన్నవాడు. ఇస్త్రీ మడత నలగని తెల్ల చొక్కా, మెరిసే బూట్లు. ఆ బూట్లతో అతను ఈ డాబా ఎక్కడం ఆమె ఎప్పుడూ చూడలేదు.

"మేడమ్, రేపు మంచుంటుందంటారా?"

"రేపటి సంగతి రేపు చూసి చెప్తాను."

"అది కాదు మేడమ్. చలికాలం కదా. మంచు ఉంటే ఎవరూ ఏమీ అనుకోరు. మంచు మన చేతిలో లేదుగా. కాస్త అటూ ఇటూగా ఉన్నప్పుడు, అటే చెప్పేస్తే..."

"అటు అంటే ఎటు?"

అతను గిన్నెల చక్రం కేసి చూస్తూ నిలబడ్డాడు. పాపం అతనికీ అబద్ధం ఆడించడం కొత్తే అని ఆమెకి అనిపించింది.

సంగతి అందరికీ తెలిసిందే. ఆ ఊరికి రోజుకి ఒకే ఒక్క విమానం వస్తుంది. రెక్కలు పైన, రెక్కలకి పంకాలు ఉండే చిన్న విమానం. సగం సీట్లు ఖాళీ. కంపెనీకి ఈ ఊరు వదిలించుకోవాలని ఉంది, కానీ కొన్నేళ్ళు నడుపుతామని మాట ఇచ్చి దిగింది. మధ్యలో తానుగా మానేస్తే పైవాళ్ళకి జవాబు చెప్పుకోవాలి. విమానాశ్రయమే పనికిరాదని తేలితే ఎవరికీ ఏ జవాబూ అక్కర్లేదు. రేపు అదే విమానంలో విమానాశ్రయాల పైఆఫీసు నుంచి తనిఖీ బృందం వస్తోంది. వాళ్ళు దిగి, చూసి, బాగుందంటే ఈ విమానం ఉంటుంది, పై ఏడాది పెద్ద విమానం కూడా వస్తుంది. బాగాలేదంటే కంపెనీ మూటాముల్లె సర్దుకుంటుంది. విమానాశ్రయానికి తాళం పడుతుంది.

"చూడు బాబూ," అందామె, "నాకు కనిపించింది కనిపించిందంటాను. కనిపించనిది కనిపించలేదంటాను. ఇందులో మీ కంపెనీ లేదు, నేనూ లేను."

అతను తల ఊపి, కమ్మీ పట్టుకుని జాగ్రత్తగా మెట్లు దిగి వెళ్ళాడు. తను అన్న మాట ఆమెకే బాగా నచ్చింది. ఆ పూటంతా పని మధ్యలో దాన్ని రెండు మూడుసార్లు మనసులో చెప్పుకుంది.

డ్యూటీ దిగాక కాంటీన్లో మొగుడితోనూ చెప్పింది. ప్రయాణికుల హాల్లో ఒక మూల కాంటీను అతనిదే. టీ బాయిలరు, బన్నుల గాజుపెట్టె, నాలుగు ప్లాస్టిక్ కుర్చీలు. విమానం వచ్చి వెళ్ళే గంటసేపే బేరం. మిగతా పొద్దంతా లోడర్లకీ కాపలావాళ్ళకీ టీలు పోస్తూ కబుర్లు.

"బాగా అన్నావు," అన్నాడతను గ్లాసులు తొలుస్తూ. "రేపు వాళ్ళు దిగనీ. నా చేత్తో టీ ఇస్తాను. తాగాక పనికిరాదని ఎలా అంటారో చూస్తాను."

"నీ టీ తాగితే కచ్చితంగా అంటారు," అన్నాడు బల్ల మీంచి ఆమె మామగారు.

ఆయన్ని అందరూ నిచ్చెన తాత అంటారు. వయసులో ఉండగా ఇక్కడే, విమానం దగ్గరికి చక్రాల మెట్లు తోసే పని చేశాడు. ఇప్పుడు పని లేకపోయినా రోజూ వచ్చి అదే బల్ల మీద కూర్చుంటాడు. ఎదురుగా ఒక ప్రయాణికుడు ఖాళీగా దొరికితే చాలు, ఇక వదలడు. ఆ రోజు దొరికినవాడు మందుల కంపెనీ మనిషి.

"ఈ రన్‌వే యుద్ధానికి వేశారయ్యా. యుద్ధం ఇక్కడిదాకా రాలేదు, రన్‌వే మిగిలిపోయింది. తర్వాత మా మిల్లు దొర సొంత విమానం కొన్నాడు. ఇద్దరు పట్టేది. ఆయనా, ఆయన కుక్కా. నేను నిచ్చెన తోసేది వాళ్ళకే. కుక్క ముందు దిగేది."

"తర్వాతండీ?"

"తర్వాత పొలాలకి మందు కొట్టే విమానాలొచ్చాయి. తర్వాత సర్కారు విమానం వచ్చింది. అబ్బో, అందులో దిగిన వాళ్ళు నా మొహం చూసి నవ్వేవాళ్ళు. అదీ పోయింది. చాలా ఏళ్ళు గేదెలు మేశాయి ఇక్కడ. ఇప్పుడు ఇది. దీనికి మెట్లు తలుపులోనే ఉంటాయి. నిచ్చెన అక్కర్లేదు, నేనూ అక్కర్లేదు." చివరి మాట నవ్వుతూనే అన్నాడు గాని, అంటూ కిటికీలోంచి ఖాళీ రన్‌వే కేసి చూశాడు.

మొగుడు గ్లాసులు బోర్లిస్తూ, "గొట్టం తీసెయ్యమని ఆర్డరు వచ్చిందటగా" అన్నాడు.

పెద్ద విమానం దిగాలంటే దారికి అడ్డంగా ఆ మిల్లు గొట్టం ఉండకూడదు. అందుకోసం ఊరివాళ్ళు ఎన్నేళ్ళుగానో అర్జీలు పెట్టుకుంటున్నారు. అర్జీలు పట్టుకుని తిరిగినవాళ్ళలో ఆమె మొగుడు ముందుండేవాడు.

"ఎప్పుడు తీస్తారట?" అందామె.

"ఈ నెల్లో అన్నారు. మనవాళ్ళ సంగతి నీకు తెలీదా. ఈ నెల అంటే పై ఏడాదే."

అప్పుడు వేరే గుర్తు ఏదైనా చూసుకోవాలి, విమానాశ్రయం నడిపే పెద్దసారుని అడగాలి అనుకుందామె. ఆ ఆలోచన అక్కడే ఆగింది. తీసేముందు తనకి చెప్పకుండా తీస్తారన్న అనుమానమే ఆమెకి రాలేదు. ఇంటికి వెళ్ళి, వండి, పొద్దు వాలకముందే తిని పడుకుంది. తెల్లవారుజాము డ్యూటీ మనుషుల నిద్ర అలాగే ఉంటుంది.

మర్నాడు లేచి వంటింట్లో లైటు వేసేసరికి, పొయ్యి పక్కన గట్టు మీద ఒక ఇటుక ఉంది. పాతకాలపు పెద్ద ఇటుక, ఒకవైపు మసి. వంట గట్టు మీద ఇటుకేమిటని చిరాకు వేసింది. గ్యాస్ సిలిండర్ ఒరిగిపోతోందని తనే రెండు రోజులుగా అంటోంది, దాని కిందికి ఎక్కడినుంచో తెచ్చినట్టున్నాడు. తెచ్చినవాడు కింద పెట్టొచ్చుగా. ఆమె దాన్ని రెండు చేతులా ఎత్తి తలుపు పక్కన నేల మీద పెట్టి, చేతులు కడుక్కుంది. మొగుడు ఆదమరిచి నిద్రపోతున్నాడు. లేపబుద్ధి కాలేదు.

దారంతా మంచు. పట్టినట్టే ఉంటుంది, పట్టలేదేమో అనిపిస్తుంది. స్కూటర్ లైటు ముందు సన్నటి పొగలా కదులుతోంది. ఆఫీసు తాళం తీసి, చెక్కపెట్టె చూసి, తడిగుడ్డకి నీళ్ళు పోసి, డాబా ఎక్కింది. ఇంకా పూర్తిగా వెలుగు రాలేదు. ట్యాంకు కనిపిస్తోంది, చుట్టూ కమ్మీతో సహా. కొండ లేదు. గొట్టం కూడా లేదు.

ఇంకా తెల్లవారలేదులే అనుకుంది. విమానం బయల్దేరడానికి వ్యవధి ఉంది. కిందికి వెళ్ళి ఫోన్లో టవర్‌కి ఉన్నది ఉన్నట్టు చెప్పింది. విమానం వచ్చేసరికి తేటపడవచ్చని అవతలి విమానాశ్రయంలో బయల్దేరదీశారు.

మళ్ళీ డాబా ఎక్కింది. వెలుగు బాగానే వచ్చింది. ట్యాంకు మీద రాసిన అక్షరాలు కూడా కనిపిస్తున్నాయి. గొట్టం ఉండే చోట మాత్రం తెల్లగా, ఖాళీగా ఉంది. కళ్ళజోడు తీసి కొంగుతో తుడిచి మళ్ళీ పెట్టుకుంది. డాబా ఆ చివరికి వెళ్ళి చూసింది. ఈ చివరికి వచ్చి చూసింది. ట్యాంకు ఇంత స్పష్టంగా ఉన్న రోజున గొట్టం నీడలాగైనా కనిపించాలి. మంచు ఒక్కోసారి మడతలు మడతలుగా ఉంటుంది, ఆ మడత సరిగ్గా మిల్లు మీదే పడి ఉంటుంది అనుకుంది. ఇంత చూశాక కూడా, కనిపించాలని తనకి ఇంత ఆశగా ఉంది కదా, ఆ ఆశతో ఉన్నదాన్ని ఎక్కువ చేసి చెబుతానేమోనని భయం పట్టుకుంది. మేనేజరు ఒకవైపు లాగాడు, తన ఆశ ఇంకోవైపు లాగుతోంది. రెండూ ఒకటే తప్పు. కనిపించనిది కనిపించలేదంటాను అని నిన్న అన్నది ఎవరు?

కింద ఫోన్ మోగింది. దిగివెళ్ళి ఎత్తింది. టవర్ సారు.

"అక్కా, విమానం దగ్గరకొచ్చింది. దూరం ఎంత చెప్పమంటావు?"

"ట్యాంకు దాటి ఏమీ లేదు. సరిపోదు."

"సరిగ్గా చూశావా?"

"మూడుసార్లు చూశాను సారూ. సరిపోదు."

 తర్వాత అతను రేడియోలో విమానంతో మాట్లాడటం ఫోన్లోంచే వినిపించింది. ఆమె రిసీవరు పెట్టేసి బయటికి వచ్చింది. పైన ఎక్కడో పంకాల చప్పుడు. ఒక చుట్టు తిరిగింది. మళ్ళీ తిరిగింది. కాంటీను ముందు లోడర్లు చేరి తలలెత్తి చూస్తున్నారు. నిచ్చెన తాత బల్ల మీంచి లేచి వచ్చి, చెవికి చెయ్యి అడ్డం పెట్టుకుని, "దిగట్లేదురా, పైపైనే తిరుగుతోంది" అన్నాడు. మూడో చుట్టులో చప్పుడు సన్నబడి, సన్నబడి, వచ్చిన దిక్కుకే వెళ్ళిపోయింది.

టీ బాయిలరు పక్కన ఆమె మొగుడు కొత్త కప్పులు వరసగా పెట్టి ఉన్నాడు. వాటి మీద గుడ్డ కప్పాడు.

తర్వాత కాసేపటికి ఎండ వచ్చింది. ఆమె మళ్ళీ డాబా ఎక్కింది. మంచు ఎక్కడికక్కడ విడిపోతోంది. ట్యాంకు వెనక చెట్లు, చెట్ల వెనక ఇళ్ళు తేలుతున్నాయి. చివరికి బోడికొండ కూడా నీలంగా బయటపడింది. బయటపడింది కదా అని ఆమె ఊపిరి పీల్చుకోబోయి, ఆగిపోయింది. కొండ మొత్తం కనిపిస్తోంది. ఈ చివర నుంచి ఆ చివరకి, మధ్యలో గీత లేకుండా కనిపిస్తోంది. ఆమె ఉద్యోగంలో చేరినప్పటి నుంచీ ఆ కొండ రెండు ముక్కలుగా ఉండేది. దాన్ని మధ్యలో చీల్చేది ఆ గొట్టమే.

 డాబా గోడ పట్టుకుంది. పొద్దున్న వంట గట్టు మీది ఇటుక, దాని ఒకవైపు మసి, గుర్తొచ్చాయి.

టవర్ మెట్లు ఎక్కి వెళ్ళేసరికి ఆమెకి రొప్పు వచ్చింది. టవర్ సారు హెడ్‌ఫోన్ మెడలో వేసుకుని కుర్చీలో వెనక్కి వాలి ఉన్నాడు.

"గొట్టం ఏమైంది?"

"నిన్న సాయంత్రం పడగొట్టారుగా. తనిఖీ వాళ్ళు దిగే వేళకి అడ్డం ఉండకూడదని పెద్దసారే తొందరపెట్టి కొట్టించారు. ఊరంతా వెళ్ళింది చూడటానికి. నీకు తెలీదా?"

"నీకు తెలుసా?"

"తెలుసు."

"తెలిసి నాకెందుకు చెప్పలేదు?"

అతను అయోమయంగా చూశాడు. "గొట్టం పడగొట్టారని తెలుసక్కా. నువ్వు ఆ గొట్టాన్ని చూసి చెప్తావని నాకేం తెలుసు? నీ దగ్గర ఏదో లెక్క ఉంటుందనుకున్నాను."

 ఇన్నేళ్ళూ రోజూ ఫోన్లో మాట్లాడుకున్నారు. ఇంత దూరం, అంత దూరం అని ఆమె చెప్పేది, సరే అని అతను అనేవాడు. ఆ దూరం ఎక్కడినుంచి వస్తోందని అతను అడగలేదు, ఆమె చెప్పలేదు.

పెద్దసారు గదిలో అప్పుడే ఎవరితోనో ఫోన్లో మాట్లాడి పెట్టారు. ఆయన మంచివాడే. కుర్చీ చూపించారు. ఆమె కూర్చోకుండానే జరిగిందంతా చెప్పింది. మంచు అంత లేదనీ, విమానం దిగగలిగేదనీ, తప్పు తనదనీ, పైఆఫీసుకి ఇప్పుడే చెబితే బృందం మళ్ళీ వస్తుందనీ చెప్పింది. ఆయన కళ్ళజోడు తీసి బల్ల మీద పెట్టి, రెండు చేతులతో మొహం రుద్దుకున్నారు.

"అమ్మా, కూర్చో. నువ్వు చెప్పినట్టే పైకి చెప్పాననుకో. మొదటి ప్రశ్న ఏమిటి? గొట్టం ఎవరు కొట్టించారు? నేను. రెండో ప్రశ్న? దాన్నే గుర్తుగా చూసే మనిషికి ఎందుకు చెప్పలేదు? ఆ మనిషి దాన్ని చూస్తుందని నాకు తెలీదు. అది నేను నోటితో చెప్పుకోగలనా? తమ గుర్తు తామే కూల్చుకుని విమానాన్ని తిప్పి పంపిన వాళ్ళు రేపు పెద్ద విమానాన్ని ఏం దింపుతారంటారు. మంచు అంటే కనీసం దేవుడి మీద పోతుంది."

"మంచు అంటే కంపెనీ వెళ్ళిపోతుంది సార్."

"ఎలాగైనా వెళ్ళిపోతుందమ్మా." ఆయన గొంతు మెత్తబడింది. "కనీసం నీ ఉద్యోగం, నా ఉద్యోగం మిగులుతాయి. ఇంటికి వెళ్ళు. ఈ మాట ఇంకెక్కడా అనకు."

ఆమెకి కోపం రావాల్సింది. రాలేదు. ఆ గదిలోంచి బయటికి వస్తూ, ఆయన అన్నదాంట్లో తప్పెక్కడుందో వెతుక్కుంది. ఎక్కడా దొరకలేదు, అదే ఆమెకి ఎక్కువ బాధేసింది.

ఇంట్లో ఇటుక తలుపు పక్కనే ఉంది. మొగుడు చాప మీద కూర్చుని దాన్నే చూస్తున్నాడు. అతనికి అప్పటికే తెలిసింది. టవర్ మెట్ల మీద వినబడిన మాట కాంటీనుకి చేరడానికి ఎంతసేపు?

"గుర్తుగా ఉంటుందని తెచ్చాను," అన్నాడు. "పెద్ద విమానం వచ్చిన రోజున అందరికీ చూపిద్దామని. నువ్వు లేచేసరికి కనబడుతుంది, ఆశ్చర్యపోతావనుకున్నాను."

"సిలిండర్ కిందికి అనుకున్నాను."

"లేపి చెప్పాల్సింది."

"నేను లేపి అడగాల్సింది."

 అతను ఆమె మీద విసుక్కున్నా బాగుండేది. అతను లేచి టీ పెట్టాడు. ఇంట్లో అతను టీ పెట్టడం అరుదు. ఆమె దాన్ని చల్లారిపోయేదాకా పట్టుకుని కూర్చుంది.

రెండు రోజులకి కబురు వచ్చేసింది. చలికాలంలో ఈ విమానాశ్రయం నమ్మదగింది కాదనీ, తనిఖీ బృందమే కళ్ళారా చూసిందనీ, ఈ వారంతో సర్వీసు ఆపేస్తున్నామనీ కంపెనీ ప్రకటించింది. వాళ్ళు కళ్ళారా చూసింది విమానం కిటికీలోంచి కింద తెల్లటి మేలిముసుగు. దాని కింద ఏముందో ఎవరికి కావాలి. వీధి చివర దుకాణం అతను ఆమెకి సరుకులు కడుతూ, "ఏం మబ్బులమ్మా, మంచు బాగా కురిపించావట" అన్నాడు. సరదాకే అన్నాడు. ఆమె చిల్లర తీసుకోవడం మరిచిపోయి వచ్చేసింది.

ఆమెకి బదిలీ ఆర్డరు కూడా ఆ వారంలోనే వచ్చింది. పెద్ద విమానాశ్రయానికి. అక్కడ దూరం చూడటానికి యంత్రం ఉంది. అది చూసి చెప్పింది ఆమె రాసుకుంటే చాలు. వెళ్ళేదాకా ఇక్కడ డాబా ఎక్కుతూ ఉండాలి. ఆఖరి విమానం వచ్చే రోజు కూడా ఎక్కింది. కొండ మీది రాళ్ళు లెక్కపెట్టొచ్చన్నంత తేటగా ఉంది. విమానం కబురు పెట్టినట్టు వచ్చి, దిగి, నలుగురిని దించి, ఆరుగురిని ఎక్కించుకుంది. లోడర్లు ఆ కొద్ది సంచులనీ పువ్వుల్లా పట్టుకుని ఎక్కించారు.

విమానం బయల్దేరేలోపు హాల్లో చిన్న వీడ్కోలు సభ పెట్టారు. వెనక కంపెనీ బ్యానరు, ముందు కాంటీను కుర్చీలే. మేనేజరు మైకు పట్టుకున్నాడు. తొందర్లో ఉన్నట్టున్నాడు, అదే విమానంలో అతనూ వెళ్ళాలి. సహకరించిన అందరికీ ధన్యవాదాలు చెప్పాడు. పెద్దసారుకి ఒక పుష్పగుచ్ఛం ఇచ్చాడు. తర్వాత ఆమె వైపు తిరిగాడు.

"మా ప్రయాణికుల ప్రాణాల విషయంలో ఏ ఒత్తిడికీ లొంగకుండా, కనిపించనిది కనిపించలేదని ధైర్యంగా చెప్పిన మేడమ్‌కి మా కంపెనీ తరఫున ఈ చిన్న జ్ఞాపిక."

తన మాటే. డాబా మీద తను అన్న మాట. అతను గుర్తుపెట్టుకున్నాడు. అతని మొహంలో వెటకారం ఉందేమోనని చూసింది. లేదు. నిజంగానే గౌరవంగా ఇస్తున్నాడు. ఆమె అబద్ధం ఆడననగానే అతనికి ఆమె మీద గౌరవం కలిగింది, ఆమె ఆడకుండానే అతనికి కావలసిన అబద్ధం దొరికింది. రెండూ అతనికి బాగానే ఉన్నాయి. ఫోటో తీసేవాడు ముందుకొచ్చి వంగి నిలబడ్డాడు. ఈ ఫోటో ఎక్కడికి వెళ్తుందో ఆమెకి అర్థమైంది. మంచుకి సాక్ష్యంగా తన మొహం.

షీల్డు చేతికి వచ్చింది. బరువుగా ఉంది. ఆమె మైకు అందుకుంది. పెద్దసారు కుర్చీలో కదిలారు.

"ఆ రోజు అంత మంచు లేదండీ," అంది. మైకులో తన గొంతు తనకే కొత్తగా వినిపించింది. "విమానం దిగేది. నేను రోజూ మిల్లు గొట్టాన్ని చూసి చెప్తాను. దాన్ని ముందురోజు సాయంత్రం పడగొట్టారు. నాకు తెలీదు. గొట్టం లేదు కాబట్టి కనిపించలేదు. నేను మంచు అనుకున్నాను. తప్పు నాది. ఈ షీల్డు నాకు ఇవ్వకూడదు."

 వెనక ఎవరో చిన్నగా నవ్వారు. ఒక్క గొట్టం కోసం విమానం వెనక్కి పోతుందా అని ఇంకెవరో గొణిగారు. మేనేజరు మైకు మెల్లగా ఆమె చేతిలోంచి తీసుకున్నాడు.

"చూశారా, ఎంత వినయమో," అన్నాడు. అందరూ చప్పట్లు కొట్టారు. పెద్దసారు కూడా కొట్టారు, నేలకేసి చూస్తూ.

బయటికి వచ్చాక లోడర్లలో పెద్దవాడు దగ్గరకొచ్చి, "కంపెనీ వాళ్ళు తప్పంతా నీ నెత్తిన రుద్దుతున్నారా అక్కా?" అన్నాడు. "నువ్వేం భయపడకు. మేమెవరం నమ్మం." ఆమె కాదని చెప్పబోయింది. అతని కళ్ళలో నీళ్ళు చూసి ఊరుకుంది. ఉద్యోగం పోతున్నది అతనికి, తనకి కాదు. తన మీద అభిమానం ఉన్నవాళ్ళు నమ్మరు, తనవల్ల లాభపడ్డవాళ్ళు నమ్మరు. ఇక నిజం ఎవరికి చెప్పాలి?

విమానం రన్‌వే చివరిదాకా వెళ్ళి, తిరిగి, పరుగందుకుని లేచింది. గొట్టం ఉండే చోటు మీదుగా, ఎప్పుడూ పక్కకి ఒరిగే చోట ఒరగకుండా, తిన్నగా పోయింది. ఆమె మొగుడు బాయిలరు ఖాళీ చేసి నీళ్ళు గడ్డిలో పారబోశాడు. కుర్చీలు ఒకదాంట్లో ఒకటి పేర్చాడు. తాత బల్ల మీంచి లేచే సూచన కనిపించలేదు. చివరికి కొడుకు చెయ్యి పట్టి లేపాడు.

ఇంటికి వచ్చాక తాత వాలుకుర్చీలో కూర్చుని షీల్డు అడిగాడు. ఒళ్ళో పెట్టుకుని, దాని మీద ఉబ్బెత్తుగా ఉన్న విమానాన్ని బొటనవేలితో తడిమాడు.

"ఇది మన విమానం కాదమ్మాయ్. మనదానికి రెక్కలు పైన. దీనికి కిందున్నాయి. ఇది పెద్దది."

"అలాగా మామయ్యా."

"ఇది దిగాలనే కదా గొట్టం కొట్టారు. గొట్టం ఉన్నన్నాళ్ళూ చిన్నదైనా వచ్చేది." ఆయన షీల్డుని తిప్పి వెనకవైపు చూశాడు. అక్కడ ఏమీ లేదు. "నిచ్చెన తోసినన్నాళ్ళూ నాకెవరూ ఏమీ ఇవ్వలేదు. నీకు దేనికిచ్చారమ్మా?"

ఆమె కొంగుతో కళ్ళజోడు తుడుచుకుంటోంది. జవాబు కోసం వెతుక్కోవలసిన పని లేకపోయింది.

"లేనిది కనిపించలేదని చెప్పినందుకు, మామయ్యా."

  తాత షీల్డు ఆమె చేతికి తిరిగి ఇచ్చాడు. ఎక్కడ పెట్టాలో ఆమెకి తోచలేదు. వంటింట్లోకి తీసుకెళ్ళి, తలుపు పక్కన ఇటుక మీద పెట్టి, పొయ్యి వెలిగించింది.